తేలిక ట్యాంకు

"ఒక్క గుండూ పేల్చవేంట్రా?" అని తమ్ముడి మీద అరిచాను. ఆన్‌లైన్ యుద్ధం ఆటలోకి కొత్తగా వచ్చిన ప్రయోగాత్మక తేలిక ట్యాంకు వాడిది, బరువుది నాది.

"దీని పని చూడటం అన్నయ్యా. నేను చూస్తేనే వాళ్లు నీకు కనిపిస్తారు. కాల్చు!"

నాలుగు ట్యాంకులు పేల్చేశాను. మా రంగుల దుకాణంలోనూ ఇదే లెక్క. అమ్మేది నేను. వీడు ఊరంతా తిరిగి, ఎవరు ఇల్లు కడుతున్నారో కబుర్లు మోసుకొస్తాడు తప్ప ఒక్క డబ్బా అమ్మడు. అందుకే వీణ్ణి వాటాలోంచి తప్పించే కాగితం జేబులో పెట్టుకొచ్చాను. ఆట అవగానే సంతకం అడగాలి.

వాడి ట్యాంకు పేలింది. మరుక్షణం నా తెర మీద శత్రువులంతా మాయమయ్యారు. గుండ్లు మాత్రం వచ్చి తగులుతున్నాయి.

"ఎక్కడున్నార్రా?"

"చచ్చినవాణ్ణి, నాకేం తెలుసు?" అని నవ్వాడు.

నా ట్యాంకూ కాలిపోయింది. కాగితం జేబులోనే నలిపేశాను.

"రేపు ఊళ్లో ఎవరి ఇల్లు రంగులకొచ్చిందో చూసి చెప్పరా. సరుకు ముందే తెప్పిస్తాను."