మైకులో ఊ

భర్త రాత్రి డ్యూటీకి వెళ్లాక టైలరమ్మ వేరే ఊళ్లో ఉన్న తమ్ముడితో కంప్యూటర్‌లో ఆట మొదలుపెట్టింది.

“అక్కా, నీ ఆట చప్పుడంతా నా చెవుల్లోనే పడుతోంది. నీ మాట వినపడి చావట్లేదు.”

ఆమె ఆట శబ్దం పూర్తిగా తగ్గించింది. “ఇప్పుడో?”

“బాగుంది. బావ ఇంకా వెళ్లలేదా? నువ్వు మాట్లాడుతుంటే ఊ కొడుతున్నాడు.”

ఇంట్లో తను తప్ప పురుగు కూడా లేదు. మైకు దోషమేమోనని తన గొంతు రికార్డు చేసుకుని వింది.

“హలో, వినిపిస్తోందా?”

ఆ వెంటనే, కథ వింటున్న పిల్లలా, “ఊ” అంది ఇంకో గొంతు.

ఆమె మైకు వైరు పీకేసి, తమ్ముడికి ఫోన్ చేసింది.

“ఏమైందక్కా? మాట్లాడవేం?”

నోరు తెరవబోయి, అరచేత్తో గట్టిగా మూసుకుంది. ఒక్క మాట మాట్లాడినా, ఈసారి ఆ ఊ నేరుగా తన చెవి పక్కనే వినిపిస్తుందేమో.