మూత తీయని కెమెరా

"కాస్త దగ్గరికి జరగండి. నేను మీ మధ్య ఉన్న ఖాళీకి ఫోటో తీయాలా?" అన్నాడు గడ్డం పెద్దమనిషి.

దర్జీ జరగలేదు. అటు పక్క బస్సు డ్రైవరూ జరగలేదు.

ఇద్దరూ స్వయానా వియ్యంకులు. దర్జీ కూతుర్ని డ్రైవరు కొడుక్కే ఇచ్చారు. దర్జీది కాలవకి ఈ ఒడ్డు, డ్రైవరుది ఆ ఒడ్డు. బస్సు ఏ ఒడ్డున ఆగాలన్న మహత్తర సమస్య మీద రెండు ఒడ్లవాళ్ళూ తలలు పగలగొట్టుకుని, వంతెనకి చెరోవైపు గేటు పెట్టి, చెరో తాళం వేసుకున్నారు. ఆ తాళంచెవుల పెత్తనం ఈ వియ్యంకులిద్దరిదే. ఆ గొడవకి హడలిపోయి బస్సు అసలు రావడమే మానేసింది.

ఈలోగా అవతలి ఒడ్డున దర్జీకి మనవరాలు పుట్టింది. ఆయన ఇంతవరకూ చూడలేదు. ముందుగా గేటు తియ్యమని అడిగితే పరువు పోతుందట. పాపకి కుట్టిన గౌను సంచిలో వేసుకుని తిరుగుతున్నాడు గానీ, నోరు మాత్రం కుట్టేసుకున్నాడు. రాత్రిళ్ళు ఆ గౌను చూసుకుని ఏడ్చిన సంగతి భార్యకి కూడా తెలియదు.

చివరికి శాంతి కమిటీవాళ్ళు కల్పించుకున్నారు. బద్ధశత్రువుల్ని పక్కపక్కన పెట్టి ఫోటో తీసి కలపడమే వృత్తిగా పెట్టుకున్న పేరుమోసిన ఫోటోగ్రాఫర్ ఉన్నారనీ, ఆ ఫోటో వంతెన మీద పెట్టి గేట్లు తీసేద్దామనీ అన్నారు. ఫోటోకి మాట్లాడుకోనక్కర్లేదు కదా అని ఇద్దరూ ఒప్పుకున్నారు.

స్టూడియోకి వచ్చిన దగ్గర్నుంచీ సత్కారాలే. "బూట్లు మెట్ల మీదే విప్పండి. ఇదేమన్నా బస్టాండా?" అంటూ తలుపు తీశాడు గడ్డమాయన. మెట్లకి ఎదురుగా ఉన్న మేడ మీద ఎవరో ఒకావిడ దుప్పటి దులుపుతోంది. ఆ దుమ్ములోంచే లోపలికి నడిచారు. గోడనిండా ఫోటోలు. అన్నిట్లోనూ ఇద్దరిద్దరు మనుషులు, వెనక అదే పెచ్చులూడిన పసుపుపచ్చ గోడ. పగలబడి నవ్వుతున్నారు గానీ ఒక్కరూ కెమెరా వైపు చూడటం లేదు. ఇంత పేరున్న మనిషి గోడకి సున్నం వేయించుకోలేడా అనుకున్నాడు దర్జీ.

"ఆ చొక్కా ఎవడు కుట్టాడండీ?" దర్జీని అడిగాడు గడ్డమాయన. "ఒక భుజం పైకి, ఒక భుజం కిందికి. కుట్టినవాడికి కళ్ళు లేవా?"

దర్జీ మొహం మాడిపోయింది. జవాబు మాత్రం పక్కనుంచి వచ్చింది.

"వంకర చొక్కాది కాదు, భుజానిది. మిషను మీద వంగి వంగి అలా అయింది. నా యూనిఫారాలన్నీ ఆయనే కుట్టాడు. మీ కోటుకన్నా నయం."

"అబ్బో, మీకు మాటలు కూడా వచ్చా? మొహం చూస్తే బ్రేకు ఫెయిలైన బస్సులా ఉంది. కాస్త మనిషిలా నవ్వండి."

"ఆయన బస్సు ఇన్నేళ్ళలో ఒక్క కోడిపిల్లని తొక్కలేదు," అన్నాడు దర్జీ. "నోరు అదుపులో పెట్టుకోండి."

"మీ ఇద్దర్నీ చూస్తే ఇంట్లో పసిపిల్లలు జడుసుకోరూ?"

డ్రైవరు లేచి నిలబడ్డాడు. "బావగారూ, లేవండి. ఈ మనిషితో మనకి శాంతి అక్కర్లేదు."

బావగారూ అన్న పిలుపు విని ఎంతకాలమైందో. దర్జీ సంచి అందుకుని లేచాడు.

బయట మెట్ల మీద ఇంకో ఘనకార్యం ఎదురైంది. నాలుగు బూట్లూ ఒకేచోట కుప్పపోసి, ఒకరి లేసులు ఒకరి లేసులకి ముడేసి ఉన్నాయి.

"ఆ గడ్డంగాడి పనే," అన్నాడు డ్రైవరు పళ్ళు నూరుతూ. "పెద్దమనిషన్నారే వీణ్ణి."

"కూర్చోండి. ముళ్ళ సంగతి నేను చూస్తా."

మెట్ల పక్కనున్న పెచ్చులూడిన పసుపుపచ్చ గోడకి ఆనుకుని ఇద్దరూ చతికిలబడ్డారు. దర్జీ ఒక బూటు ఒళ్ళో పెట్టుకుని ముడి విప్పసాగాడు. ఎదురు మేడ మీదావిడ దుప్పటి ఆరేసి, దాని చాటున ఏదో సర్దుకుంటోంది.

"బావగారూ, ఒకటి గమనించారా?" అన్నాడు డ్రైవరు. "వాడు కెమెరా మూతే తియ్యలేదు."

"చూశాను. నవ్వు ఆపుకోలేక చచ్చాను."

ఇద్దరికీ ఒక్కసారే నవ్వు ముంచుకొచ్చింది. డ్రైవరు పొట్ట పట్టుకున్నాడు. ఆ ఊపులోనే దర్జీ సంచిలోంచి గౌను తీశాడు.

"పాపకి. కొలతలు తెలీక అందాజాగా కుట్టా."

డ్రైవరు గౌను ఎత్తి పట్టుకుని అటూ ఇటూ తిప్పాడు. "ఇది దాని బొమ్మకి సరిపోతుంది. అది ఇప్పుడు నడవడం కాదు, పరిగెడుతోంది. ముక్కు అచ్చం మీదే."

దర్జీకి నవ్వుతూనే కళ్ళనీళ్ళు తిరిగాయి. "ఫోటో లేదుగా. కమిటీవాళ్ళు గేట్లు తియ్యరేమో."

"తాళంచెవులు మన జేబుల్లో ఉంటే కమిటీతో ఏం పని? టేపు ఉందా మీ దగ్గర?"

"ఎప్పుడూ ఉంటుంది."

"పదండి. పిల్ల కొలతలు తీసుకుందురుగాని."

గేట్లు ఆ సాయంత్రమే తెరుచుకున్నాయి. కమిటీవాళ్ళు మాత్రం పట్టు వదలకుండా తర్వాతి ఆదివారం వంతెన మీద సభ పెట్టి, గుడ్డ కప్పిన పెద్ద పటం ఒకటి నిలబెట్టారు. మనవరాలిని ఒళ్ళో కూర్చోబెట్టుకున్న దర్జీకి ఒకటే అనుమానం. తియ్యని ఫోటో ఎక్కణ్ణుంచి వచ్చింది?

గుడ్డ లాగారు. పటంలో పెచ్చులూడిన గోడ ముందు, మెట్ల మీద, ఒళ్ళో బూటుతో దర్జీ, చేతిలో గౌనుతో డ్రైవరు. ఇద్దరూ ఒకరినొకరు చూసుకుని పగలబడి నవ్వుతున్నారు.

"వీడి దుంపతెగ, చాటునుంచి తీశాడు," అన్నాడు డ్రైవరు, ముందు వరసలో కూర్చున్న గడ్డమాయన్ని చూస్తూ.

"ఇప్పుడు ఫోటోగ్రాఫర్ గారు రెండు మాటలు మాట్లాడతారు," అన్నాడు కమిటీ అధ్యక్షుడు.

గడ్డమాయన కుర్చీలోంచి కదలకుండా అందరికన్నా గట్టిగా చప్పట్లు కొట్టాడు.

మైకు ముందుకి వచ్చింది దుప్పటి దులిపిన ఆవిడ.