చిరివేరుకు సాక్ష్యం

“‘చ’ అక్షరం శుక్రవారం ప్రెస్సుకి వెళ్తోంది. ఈ మాట చచ్చిందా, బతికుందా? తేల్చండి,” అంటూ పెద్దాయన ఒక కార్డుని బల్ల మీద ముందుకు తోశాడు.

నిఘంటువు ఆఫీసులో సంపాదకుణ్ణి అందరూ పెద్దాయన అనే అంటారు. ఎదురుగా నిలబడ్డ కొత్తమ్మాయి చేరి మూడు నెలలు. కార్డు మీద ఒకటే ముక్క ఉంది: ‘చిరివేరు: అద్దకానికి ఎర్ర రంగునిచ్చే ఒక మొక్క వేరు.’

“పాత పుస్తకాల్లో నాలుగుచోట్ల దొరికింది సార్.”

“పుస్తకాలు కాదమ్మా. బతికున్న మనిషి నోట వినాలి. లేదంటే వెనక పేజీల్లో పడేద్దాం.”

వెనక పేజీలంటే వాడుక తప్పిన మాటల పట్టిక. ఆఫీసులో దాన్ని శ్మశానం అంటారు. ఈ మూడు నెలల్లో కొత్తమ్మాయి చేతుల మీదుగా పదకొండు మాటలు అక్కడికి వెళ్లాయి. పన్నెండోది పంపడానికి ఆమెకు మనసొప్పలేదు. పైగా ఉద్యోగం ఖాయం చేసే కాగితం మీద పెద్దాయన ఇంకా సంతకం పెట్టలేదు.

“మీరెప్పుడైనా విన్నారా సార్, ఈ మాట?”

పెద్దాయన కళ్లజోడు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకున్నాడు.

“నా చెవి సాక్ష్యానికి పనికిరాదు. వెళ్లి రండి.”

కొత్తమ్మాయి రంగుల బజారంతా తిరిగింది. ఏ కొట్లో చూసినా డబ్బాలే, పొట్లాలే. ఒకాయన చిరివేరంటే దగ్గు మందా అని అడిగాడు. ఇంకొకాయన మాత్రం గడ్డం గోక్కుని, “వెనక సందు చివర ఒకావిడ ఉంది. ఇంకా వేళ్లు ఉడికించి గుడ్డలకు రంగు వేస్తుంది. ఆవిడ నోటితో మాత్రం కాస్త జాగ్రత్త,” అన్నాడు.

పెరట్లో పొయ్యి మీద పెద్ద గుండిగ. అందులో కర్రతో గుడ్డలు తిప్పుతోంది అద్దకపావిడ. యాభై దాటి ఉంటాయి. మోచేతుల దాకా ఎరుపు. కొత్తమ్మాయి వచ్చిన పని చెప్పగానే కర్ర ఆగిపోయింది.

“ఏ ఆఫీసు నుంచన్నావ్?”

“నిఘంటువు ఆఫీసండి.”

“చిరివేరు గురించి అడగడానికి నా దగ్గరికొచ్చావా!” ఆవిడ పైట చెంగుతో మొహం తుడుచుకుంటున్నట్టు నవ్వు దాచుకుంది. “కూర్చో అమ్మాయ్. దాని సంగతి నాకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలీదు.”

“అర్థం మా దగ్గరుంది పెద్దమ్మా. వాడుక కావాలి. మామూలుగా మీరు ఎలా అంటారో అలాగే.”

“మామూలుగానా? సరే, రాసుకో.”

కొత్తమ్మాయి కార్డులు తీసింది.

“చిరివేరు పైకి చూస్తే ఎండు పుల్ల. నానబెడితే గానీ లోపల ఎరుపుందని తెలీదు.”

“బాగుంది. ఇంకా?”

“దానికి వేడి తగలకపోతే కదలదు. అలాగని ఒక్క పొంగు ఎక్కువైందా, మొహం మాడ్చుకుని కూర్చుంటుంది.”

కలం పరుగెత్తుతోంది.

“ఒకసారి పట్టుకుందంటే వదలదు. ఇరవై తొమ్మిదేళ్లుగా ఉతికి ఆరేస్తున్నాను, కాస్తయినా వెలిసిందా? పేరులోనే వేరుంది గానీ, వేరుపడే రకం కాదమ్మా చిరివేరు.”

కొత్తమ్మాయికి చిన్న అనుమానం వచ్చింది. “ఇదంతా రంగు గురించే కదా పెద్దమ్మా?”

“మరి నువ్వు దేని గురించి అనుకున్నావ్?” అంది ఆవిడ, కళ్లు పెద్దవి చేసి.

కొత్తమ్మాయి నాలిక్కరుచుకుని లేవబోయింది. ఆవిడ గుండిగలోకే చూస్తూ, ఈసారి మెల్లగా అంది.

“ఇంకొకటి రాసుకో. చిరివేరు లేకపోతే నాది ఉత్త తెల్లగుడ్డ.”

మర్నాడు పెద్దాయన ముందు నాలుగు కార్డులు వరసగా పేర్చింది కొత్తమ్మాయి. ఆయన మొదటిది చదివి పక్కన పెట్టాడు. రెండోది చదివి గొంతు సవరించుకున్నాడు. మూడోది చదువుతుంటే చెవులు కందిపోయాయి. పోయింది ఉద్యోగం, అనుకుంది కొత్తమ్మాయి.

“ఇవి చెప్పేటప్పుడు ఆవిడ విసుక్కుందా, నవ్విందా?”

“దానివల్ల అర్థం మారుతుందా సార్?”

“చాలా మారుతుంది.”

“నవ్వుతూనే చెప్పిందండి. నాలుగోది చెప్పేటప్పుడు మాత్రం నవ్వలేదు.”

పెద్దాయన నాలుగో కార్డు అందుకున్నాడు. ఉన్నది అయిదు మాటలే. అయినా దాన్ని చదవడానికి చాలాసేపు పట్టింది.

“మాట బతికే ఉంది,” అన్నాడు చివరికి. “మూడు కార్డులూ అచ్చుకి పంపండి.”

“నాలుగోది వద్దా సార్? అన్నిట్లోకీ అదే బాగుంది కదా!”

“బాగుంది కాబట్టే.”

ఆ కార్డుని చొక్కా జేబులో పెట్టుకున్నాడు. సొరుగులోంచి ఆమె కాగితం తీసి సంతకం గీకాడు. గొడుగు చంకన పెట్టుకుని, ఎన్నడూ లేనిది, గంట ముందే బయల్దేరాడు. ఆఫీసంతా గడియారం వైపు చూసింది.

పెద్దాయన ఇల్లు చేరి, చెప్పులు విప్పి, వెనక గుమ్మంలోంచి పెరట్లోకి తొంగిచూసేసరికి, గుండిగలో గుడ్డలు తిప్పుతున్న ఆయన భార్య తలెత్తకుండానే అడిగింది: “ఏం చిరివేరూ, నా కబురు అందిందా?”