మనిషి లేని వాక్యం

మొదటి పేరాలో తొమ్మిది విశేషణాలు కొట్టేశాక కత్తెర తలెత్తాడు.

"ఇక మిగిలింది 'అతను' ఒక్కటే సార్," అన్నాడు.

బల్లకు అవతల కూర్చున్న అధికారి నిట్టూర్చాడు. రెండు రోజులు కష్టపడి రాసుకొచ్చిన ఇంగ్లీషు ప్రసంగం అది. రేపు నాలుగింటికి వీడ్కోలు సభ. ముప్ఫై ఒక్క ఏళ్ళు పనిచేసిన మనిషి వెళ్ళిపోతున్నాడు. పై ఆఫీసు పెద్దలు వస్తారు. వాళ్ళకు ఇంగ్లీషు తప్ప మరో భాష ఎక్కదు.

కత్తెర ఆ ఎగుమతుల కంపెనీలో ఉత్తరాలు దిద్దే గుమాస్తా. అసలు పేరు హాజరుపట్టీలో తప్ప ఎక్కడా కనపడదు. బయటికి వెళ్ళే ప్రతి ఇంగ్లీషు కాగితమూ అతని బల్ల దగ్గర సగం చిక్కి మరీ వెళ్ళేది. అధికారి కూడా ఒకప్పుడు ఆ బల్ల పక్కనే కూర్చుని ఉత్తరం రాయడం నేర్చుకున్నవాడే. అందుకే ఇప్పటికీ గురువుగారూ అని పిలుస్తాడు.

ప్రసంగం మాత్రం నమూనా పుస్తకంలోంచి దిగింది. ఒకే మాటతో మొదలయ్యే వాక్యాలు వరసగా మూడు. వాటి వెనక జవాబు అక్కర్లేని ప్రశ్న. ఆపైన మూలస్తంభం, ఆరని దీపం, అలుపెరగని నావికుడు. ఆ మనిషి జన్మలో ఓడ ఎక్కింది లేదు.

పక్క బల్ల దగ్గర టైపిస్టు మెషీను ఆపి, నిరుడు గోదాము గుమాస్తా వెళ్ళినప్పటి సంగతి చెప్పింది. సభలో ఆయన్ని సముద్రపు ఒడ్డున దీపస్తంభం అన్నారు. ఆయన గుమ్మం దగ్గర ఆమెను ఆపి అర్థం అడిగాడట. విని, "అంటే ఇన్నాళ్ళూ కదలకుండా నిలబడ్డానంటారా అమ్మా?" అన్నాడట.

అధికారి నవ్వాడు. తర్వాత, ఆ ప్రసంగం చదివింది తనేనని గుర్తొచ్చి ఆపేశాడు.

"పొగడ్తలో తప్పేముంది గురువుగారూ? వినడానికి నిండుగా ఉంటుంది."

"రెడీమేడ్ చొక్కా కూడా నిండుగానే ఉంటుంది సార్. కొలత తియ్యలేదని తొడుక్కున్నవాడికి తెలుస్తుంది."

కత్తెరకు ఒక పద్ధతి ఉంది. చిత్తుప్రతి దిద్దేటప్పుడు అతనికి ఎవరూ తెలియదు. రోజూ చూసే మనిషి గురించైనా ఊరికి కొత్తగా వచ్చినవాడిలా అడుగుతాడు. తెలిసిన సంగతేగా అని వదిలేసిన చోటే రాత బోలుగా తయారవుతుందంటాడు. ఆఫీసులో అందరూ దానికి అలవాటు పడ్డారు.

ఆ పద్ధతిలోనే అడిగాడు, ఈయన ఏం చేశాడని. ఠంచనుగా వేళకు వచ్చేవాడన్నాడు అధికారి. గోడ గడియారం కూడా అంతేనని, దానికి సభ పెట్టడం లేదని అన్నాడు కత్తెర. మంచివాడన్నాడు అధికారి. ఎవరికి అన్నాడు కత్తెర.

అధికారి కిటికీ వైపు చూశాడు. పెన్సిలు అందుకుని ఒక వాక్యం రాసి, కాగితం ఇటు తోశాడు. ఒకానొక సందర్భంలో ఒక పొరపాటు జరిగిందని, దానికి బాధ్యత స్వీకరించబడిందని ఉంది.

కత్తెర రెండుసార్లు చదివాడు. కొట్టెయ్యలేదు.

"పొరపాటు చేసిందెవరు? బాధ్యత తీసుకుందెవరు? ఇందులో మనిషి లేడు సార్. ఇంగ్లీషులో ఇదో సౌకర్యం. పని జరిగిపోతుంది, చేసినవాడు దొరకడు."

టైపిస్టు ఏదో ఫైలు పట్టుకుని మెల్లగా బయటికి వెళ్ళిపోయింది.

అప్పుడు అధికారి చెప్పాడు, కిటికీతో చెప్పినట్టే. పదకొండేళ్ళ కిందటి మాట. తను ఉద్యోగంలో చేరి రెండు నెలలు. ఇంకా ఖాయం కాలేదు. తను చూడకుండా పెట్టిన సంతకంతో సరుకు వేరే రేవుకు వెళ్ళింది. విచారణలో ఆ మనిషి లేచి తప్పు తనదన్నాడు. ఆయనకు రావలసిన ప్రమోషన్ ఆగింది. ఆగింది మళ్ళీ రాలేదు. తర్వాత ఆయన ఎక్కవలసిన కుర్చీలో తను కూర్చున్నాడు.

"ఆయన ఎప్పుడైనా ఆ మాట ఎత్తాడా?" అన్నాడు కత్తెర.

"లేదు."

"మీరు?"

"లేదు. రోజూ రేపు చెబుదామనే."

"రేపే సభ సార్."

అధికారి ముఖం తుడుచుకున్నాడు. పెద్దల ముందు ఇది చదివితే తన గతేం కావాలని అడిగాడు. కత్తెర బతిమాలలేదు, బెదిరించలేదు. వద్దనుకుంటే దీపాన్నీ నావికుణ్ణీ ఎక్కడివక్కడ పెట్టి ఇచ్చేస్తానన్నాడు. కావాలనుకుంటే మాత్రం ఆ ముక్క తను రాయనని, అధికారే రాయాలని అన్నాడు.

అధికారి రాశాడు. రెండే వాక్యాలు. తప్పు నేను చేశాను. తను చేశానని ఆయన చెప్పాడు.

కత్తెర పెన్సిలు పట్టుకుని వెతికాడు. తియ్యడానికి ఏమీ లేదు. పెన్సిలు కింద పెట్టాడు.

ఆ సాయంత్రం బస్సు ఎక్కకుండా ఇంటికి నడిచి వెళ్ళాడు. ముఖంలో ఆ వెలుగేమిటని భార్య అడిగింది. మంచి వాక్యం ఒకటి చూశానన్నాడు.

"అయితే ఇవాళ తిండి అక్కర్లేదన్నమాట," అందామె. ఆ పూట అతను రెండోసారి కూడా వడ్డించుకున్నాడు.

మర్నాడు నాలుగింటికి హాలు నిండింది. అధికారి చదివాడు. ప్రసంగం పేజీలో సగం కూడా లేదు. ఆ చోటికి వచ్చి ఆగాడు. మంచినీళ్ళు తాగాడు. దాటెయ్యకుండా చదివాడు. ముందు వరసలో పెద్దలు చేతుల్లోని కాగితాలు దించి చూశారు. చప్పట్లు ఆలస్యంగా మొదలయ్యాయి, ఆలస్యంగానే ఆగాయి.

అధికారి కాగితం మడిచి, వెళ్ళిపోతున్న మనిషి కుర్చీ వైపు తిరిగి చెయ్యి చాపాడు.

ఆ చెయ్యి అందుకున్నది కత్తెర.