ముందు ఈత, తర్వాత ఏరు

కూతురు శాంతిప్రియ వర్తక సంఘం సభలో చేయబోయే ప్రసంగాన్ని చదివి వినిపిస్తుంటే, రాయగడ బ్యాటరీల వ్యాపారి గౌరీశంకర్ మూతి విరిచాడు.

"చైనా, గనుల దగ్గర్నుంచి కొనేవాళ్ల దాకా బ్యాటరీ కంపెనీలను చెయ్యి పట్టుకుని నడిపించింది. అమెరికా వాటికి పన్నులు తగ్గించింది," అందామె.

"మరి మనోల్లేటి సేసేరు?"

"ముందు తయారుచేసి అమ్మండి, తర్వాత సాయం చేస్తామన్నారు."

"ఈతొచ్చేకే నాగావళిలో దిగమన్నట్టుంది. ఉత్త దద్దమ్మలు."

శాంతిప్రియ కాగితం మడిచింది.

"మొన్న నేనూ ఈ-రిక్షా బ్యాటరీలు బాగుసేస్తాను, కొట్టు ఎనక గది ఇమ్మన్నాను. ముందు గిరాకీ సూపించు, అప్పుడిస్తానన్నావు నాన్నా."

ఆమె గొంతులో కోపం లేదు. అదే అతనికి గుచ్చుకుంది.

గౌరీశంకర్ లేచి, వెనక గదిలో పేరుకుపోయిన పాత ఇన్వర్టర్లను తనే బయటికి మోయడం మొదలుపెట్టాడు.