కోర్టు తోట

ఒక్క కాయ కూడా కోయనివ్వనని రిసీవరు భిక్షపతి చెప్పడంతో సైదమ్మ కంచె దగ్గరే ఆగిపోయింది. ఆమె ఆ తోట ఆసామి ఇంటి కోడలు.

"అవ్వకు నాలుగొద్దుల సంది జరం. నోరు చేదుగున్నదంటాంది. రెండు బత్తాయిలే గద," అంది.

"ఇప్పుడివి ఎవ్వరివి గావు. కోర్టువి. కేసు తెగేదాంక ముట్టొద్దు."

"నీ కోర్టుకు తల్లి లేదా?"

ఆమె గొణుక్కుంటూ వెళ్లిపోయింది.

తోట షావుకారు దశరథం దగ్గర తనఖాలో ఉంది. తగవు కోర్టుకెక్కింది. తీర్పు వచ్చేదాకా చెట్లను కాపాడటానికి, పని తెలిసినవాడని ఇద్దరు వకీళ్లూ భిక్షపతినే రిసీవరుగా పెట్టడానికి ఒప్పుకున్నారు.

మర్నాడు అతను నల్లగొండ బజారులో రెండు బత్తాయిలు కొని, తువ్వాలలో కట్టి తెచ్చి ముసలమ్మ చేతిలో పెట్టాడు. మొక్కలుగా ఉన్నప్పుడు తోటలోని చెట్లకు బిందెలతో నీళ్లు మోసింది ఆమే. ఒక తొన నోట్లో వేసుకుని, "గివి మన తోటయి గావు," అని మిగిలింది పక్కన పెట్టేసింది.

ఆ ఎండాకాలం తోట బావి అడుగంటింది. పూడిక తీయించే ఖర్చుకు కోర్టు అనుమతి కావాలి. భిక్షపతి అర్జీ పెట్టాడు. మొదటి వాయిదాకు మున్సిఫ్ సెలవులో ఉన్నాడు. రెండోసారి దశరథం వకీలు రాలేదు. మూడోసారి అర్జీయే కనబడటం లేదన్నాడు గుమస్తా. బస్సు దిగి వచ్చినప్పుడల్లా ఇంకో వరుస చెట్లు ఆకు రాల్చి కనిపించేవి.

"ఎండకు గూడ వాయిదా ఏస్తరా సారూ?" అని నాలుగోసారి అడిగాడు. గుమస్తా ఇంకో తేదీ రాసిచ్చాడు.

ఖర్చుకే అనుమతి కావాలి, రెక్కలకు అక్కర్లేదు కదా అని భిక్షపతి తానే గడ్డపార పట్టుకుని బావిలో దిగాడు. సైదమ్మ తిట్టుకుంటూనే పైనుంచి మట్టి తట్టలు లాగింది. పదకొండో రోజు ఊట పడింది. తోట బతికింది.

అనుమతి కాగితం వానలు మొదలయ్యాక వచ్చింది. దాని వెనకే తీర్పూ వచ్చింది. తోట దశరథానికి అప్పగించాలి.

అప్పగింత రోజు దశరథం పచ్చటి చెట్ల మధ్య ఒక చుట్టు తిరిగి వచ్చాడు. ఇంత బాగా కాపాడతావనుకోలేదన్నాడు. కోర్టు అమీను కాగితం ముందుకు జరిపాడు.

భిక్షపతి రెండు చోట్ల సంతకం పెట్టాడు: తోటను కాపాడిన రిసీవరుగా ఒకటి, తనఖా పెట్టి పోగొట్టుకున్న ఆసామిగా ఒకటి.