వాయిదా పెరగలేదు

అప్పుకి పదిహేనేళ్ల గడువు తీరింది, ఇంటి కాగితాలు ఇచ్చెయ్యమని బ్యాంకులో అడిగాను. మేనేజరు కంప్యూటర్ చూసి, ఇంకా పదకొండేళ్లు కట్టాలన్నాడు.

"ఒక్క నెల కూడా ఆపలేదు సార్. మోకాళ్లు అరిగేలా కుట్టుమిషను తొక్కి కట్టాను."

"నిజమేనమ్మా. కానీ మధ్యలో వడ్డీ పెరిగింది. నెల వాయిదా పెంచొద్దని మీరే అన్నారు. అందుకని ఏళ్లు పెరిగాయి. మూడుసార్లు ఉత్తరం కూడా పంపాం."

వచ్చాయి. వాటి వెనక బట్టల కొలతలు రాసుకున్నాను. వాయిదా పెరగనప్పుడు చదవడానికి ఏముంటుంది? పైగా పైసా పెంచనివ్వలేదని వీధంతా గొప్పలు చెప్పుకున్నాను.

ఒళ్లు మండిపోయింది. "ఒక ఇంటికి రెండిళ్ల డబ్బు గుంజుతారా? పదకొండేళ్లకి నాకు అరవై ఐదు. సూదిలో దారం ఎక్కించే చూపు కూడా ఉండదు. అప్పుడు ఎవరు కడతారనుకున్నారు?"

లైనులో వాళ్లంతా నావైపు తిరిగారు. తిరిగితే తిరగనీ అనుకున్నాను.

మేనేజరు గొంతు పెంచలేదు. ఫైలు నా ముందుకు జరిపి, కాగితం అడుగున వేలు పెట్టాడు. "మీకు వయసు మీద పడుతోందనే కదమ్మా, కిందటేడు అప్పుకి ఇంకొకరి సంతకం కూడా తీసుకున్నాం."

నా సంతకం పక్కన గుండ్రటి అక్షరాలతో మా అమ్మాయి సంతకం. ఆ రోజు కాలేజీ ఒక పూట మానిపించి నేనే తీసుకొచ్చాను. ఇంటి కాగితాల్లోకి నీ పేరు కూడా ఎక్కుతోంది, చదివేదేం లేదు, పెట్టెయ్ అన్నాను.

పెట్టేసి, "థాంక్స్ అమ్మా" అంది.